ఆదివారం చీరల్లో తీసిన ఫోటో

నా చిన్నప్పుడు నెల్లూరు జిల్లా కోట దగ్గరి మా ఊళ్లో ఫోటో అంటే పెళ్లికి ఒకసారి, మనిషి పోయినప్పుడు ఒకసారి. అదీ ఉన్నవాళ్లకే. అలాంటి ఊరికి ఒక ఎండాకాలం మా చిన్నాన్న నెల్లూరు నుంచి కెమెరా తెచ్చాడు. అక్కడ స్టూడియోలో పనిచేసేవాడు కాబట్టి మా దగ్గర కొంచెం దొర వేషాలు వేసేవాడు.

అప్పుడు ఉప్పుమడుల్లో సమ్మె నడుస్తోంది. పగలంతా ఉప్పునీళ్లలో నిలబడి ఆడవాళ్ల కాళ్లు పగిలి పుండ్లు పడేవి. కాళ్లకు జోళ్లు ఇప్పించమంటే, పుండ్లూ లేవు పాడూ లేవు, అంతా నాటకమని యజమాని లేబర్ ఆఫీసరుకు చెప్పాడు. ఆఫీసరు ఆ మాటే నమ్మితే సమ్మె చేసినవాళ్లందరికీ పని పోయినట్టే. అందుకే కూలీల సంఘం వాళ్లు ఆ పుండ్లను ఫోటో తీయమని చిన్నాన్నను పిలిపించారు.

మడుల్లో పనిచేసే మా మేనత్త తన తోటివాళ్లను వెంటబెట్టుకుని గట్టు మీదికి వచ్చింది. చూసి చిన్నాన్న తల పట్టుకున్నాడు. అందరూ ఆదివారం ఏసు గుడికి కట్టే తెల్లచీరల్లో, తలకు నూనె రాసి, కనకాంబరాలు పెట్టుకుని వచ్చారు.

"ఏందక్కా ఇది? పెండ్లికొచ్చినట్టు వస్తే మీకు కష్టం ఉండాదని ఎవురు నమ్ముతారు? పోయి పనిచీరలు కట్టుకోని రాండి" అని కసిరాడు.

మేనత్త కదల్లేదు. "కష్టం చూపియ్యమంటే చూపిస్తాం రా. బిచ్చగత్తెల మాదిరి మాత్రం నిలబడం. రేపు నేను పోయినాక నా బిడ్డలు చూసుకునేది ఈ ఫోటోనే గదా" అంది.

చిన్నాన్న కోపంగా కాసేపు అటూ ఇటూ తిరిగాడు. తర్వాత గొంతు తగ్గించి, అందరినీ గట్టు మీద వరసగా కూర్చోమని, కాళ్లు ముందుకు చాపమన్నాడు. నలుగురి ముందు కాళ్లు చాపడమా అని వాళ్లు సిగ్గుపడ్డారు. మేనత్తే ముందుగా కుచ్చిళ్లు కాస్త పైకి తీసి చాపింది. చిన్నాన్న ఇస్త్రీ చొక్కా సంగతి మరిచిపోయి నేల మీద బోర్లా పడుకుని తీశాడు. అక్క పాదాలను అంత దగ్గరగా అతనూ ఎప్పుడూ చూసి ఉండడు.

ఆ ఫోటో నేను చూశాను. పైన తెల్లచీరలు, తలెత్తుకున్న ముఖాలు, కింద పగిలిన పాదాలు. ఆఫీసరు దాన్ని ముందు పెడితే పుండ్లు నిజమేనని యజమాని ఒప్పుకోక తప్పలేదట. జోళ్లు వచ్చాయి, ఎవరి పనీ పోలేదు. కూలి మాత్రం పెరగలేదు, అందుకు మళ్లీ కొట్లాడాల్సి వచ్చింది.

ఇప్పుడు నా చేతిలోనూ ఫోన్ ఉంది. ఎవరి కష్టమైనా కంటబడితే చెయ్యి దాని మీదికే పోతుంది. కానీ తీసేముందు వాళ్లనే అడుగుతాను, ఎట్టా తీయమంటావమ్మా అని. చాలామంది ముందు కొంగు సర్దుకుంటారు. సర్దుకునేదాకా ఆగుతాను.