రన్నింగ్ రూములో సగం పుస్తకాలు

నాకు ఒకచోట కుదురుగా కూర్చోవడం రాదు. నలభై ఆరేళ్లకి పీహెచ్‌డీ పూర్తి చేద్దామని కూర్చుంటే ఆ రోగం ఇంకా ముదిరింది. రెండు పేరాలు రాస్తాను, లేస్తాను, నెహ్రూ నగర్‌లో మా వీధి చివరిదాకా నడిచి వస్తాను, వచ్చి రెండింట్లో ఒకటి కొట్టేస్తాను. నా విషయం డిటెక్టివ్ నవలలు. ఏ దేశం తన హంతకుణ్ణి ఏ రకంగా పట్టుకుంటుందో పోల్చి చూడటం. పాత ఇంగ్లీషు నవలల్లో పెద్ద బంగళా, పదిమంది అతిథులు, "ఎవరు?" అన్న ప్రశ్న. జపాన్ వాళ్లు కొన్నిసార్లు దోషిని మొదటే చూపించేసి, "ఎందుకు?" అని పుస్తకమంతా నడిపిస్తారు. బెంగాలీ డిటెక్టివు ఇంట్లోనే టీ తాగుతూ ఆలోచిస్తాడు. మన పాకెట్ నవలల్లో డిటెక్టివు అందర్నీ హాల్లో కూర్చోబెట్టి, సిగరెట్ వెలిగించి, ఒక్కొక్కరి గుట్టూ విప్పుతాడు. ఇదంతా రాయడానికి నాకేమీ కష్టం కాలేదు. చిక్కంతా చివరి అధ్యాయంతో వచ్చింది. అది మా బిలాస్‌పూర్ పాఠకుల గురించి.

శ్రీకాకుళం, విజయనగరం వైపు నుంచి వచ్చి ఇక్కడ రైల్వేలో స్థిరపడిన మా వాళ్లకి అప్పట్లో తెలుగులో చదువుకోవడానికి దొరికేవి ఆ పాకెట్ నవలలే. ఊరెళ్లినవాళ్లెవరో నాలుగైదు తెస్తే నెలంతా అవే చేతులు మారేవి. మా నాన్న గూడ్స్ గార్డు. గార్డు బండి చివర, డ్రైవరు ముందు, మధ్యలో అర కిలోమీటరు పైన బొగ్గు. పుస్తకం ఒకటి, ఆత్రం ఇద్దరిది. అందుకని పిన్ను విప్పేసి నవలని మధ్యకి రెండు చేసేవారు. ఒకరికి మొదటి సగం, ఇంకొకరికి రెండో సగం. డ్యూటీ దిగాక తిని పడుకునే రన్నింగ్ రూములో మార్చుకునేవారు. అంటే సగం మంది దోషి ఎవరో ముందు చదివి, ఆ మనిషి ఏం చేశాడో తర్వాత చదివేవారు. అలా చదివినా వాళ్ల ఆత్రం పిసరంత కూడా తగ్గేది కాదట. ఒక్కటే కట్టుబాటు. రెండో సగం ముందు చదివినవాడు దోషి పేరు చెప్పకూడదు. నోరు జారితే ఆ పూట అందరికీ వంట అతనే చెయ్యాలి.

మూతబడిన తెలుగు సంఘం లైబ్రరీలో నాకు గోనెసంచి నిండా అలాంటి సగాలు దొరికాయి. ప్రతి సగం అట్ట మీదా నల్లటి బొటనవేలి ముద్రలు. బొగ్గు బండి హ్యాండ్ బ్రేకు చక్రం తిప్పిన చెయ్యి సబ్బుకి కూడా లొంగదు. ఆ ముద్రలు చూసి నేను చిన్నపిల్లలా గంతులేశాను. మా గైడు గారు మాత్రం కళ్లజోడు తీసి, "ప్రమాణ్ కహా హై?" అన్నారు, రుజువేదీ అని. చిరిగిన పుస్తకం చిరిగిన పుస్తకమే, అలా చదివిన మనిషి చెప్పిన మాట రాసి సంతకంతో తెమ్మన్నారు. నెలాఖరు గడువు. తేకపోతే ఆ అధ్యాయం తీసెయ్యాలి. అది తీసేస్తే నా థీసిస్‌లో మిగిలేది నలుగురూ ఎప్పుడో చెప్పిందే. ఏడేళ్ల చాకిరీ.

సాక్షి మా ఇంట్లోనే ఉన్నాడు కదా అని నేను నవ్వుకుంటూ వచ్చాను.

"నాన్నా, నువ్వు చెప్పు, నేను రాసుకుంటాను. కింద సంతకం పెట్టు, చాలు."

"సంతకమా? నేను పెట్టను."

"ఏం?"

"ఏం ఏటే ఏం? నోటి మాట అడుగు, ఎంతసేపైనా చెప్తాను. కాయితం మీద మాత్రం వొద్దు."

పెన్షను కాగితాల మీద చకచకా సంతకాలు పెట్టే మనిషి. నాకు ఒళ్లు మండింది. బోద్రీలో హైకోర్టు నుంచి గుమస్తాని తెచ్చి అఫిడవిట్ రాయించమన్నానా, ఒక్క పేజీ కదా అని అరిచాను. నాన్న అరవలేదు. పేపరు మడిచాడు, విప్పాడు, మళ్లీ మడిచాడు. కుదురులేనితనం నాకు ఎక్కడి నుంచి వచ్చిందో తెలుస్తూనే ఉంది.

"సరే, నువ్వు వద్దంటే డ్రైవరు మామయ్యని అడుగుతాను."

"వాడింటికెందుకు? ఎల్లకు." ఆ మాట అంటున్నప్పుడు నాన్న నా మొహంలోకి చూడలేదు.

డ్రైవరు మామయ్య అంటే నాన్న జోడీ. ఏళ్ల తరబడి ఇద్దరూ ఒకే బండి మీద తిరిగారు. నేను ఐదో తరగతిలో ఉండగా అది తెగిపోయింది. ఒక చిన్న స్టేషన్లో బొగ్గు బండిని నిలిపి ఇంజిను విడదీశారు. అలా నిలిపినప్పుడు ఇంజిను వైపు ఆరు వ్యాగన్లకి డ్రైవరు మనుషులు, వెనక ఆరింటికి గార్డు హ్యాండ్ బ్రేకులు బిగించి, ఇద్దరూ స్టేషన్ మాస్టర్ రిజిస్టర్లో సంతకం పెట్టాలి. పెట్టారు. గంటలోపే బండి దానంతటదే దొర్లింది. ముందు వ్యాగన్లు పట్టాలు తప్పి పడిపోయాయి. అదృష్టం, మనుషులెవరికీ ఏమీ కాలేదు. విచారణకి వచ్చినవాళ్లు చూస్తే వెనక ఆరు బ్రేకులూ గట్టిగా ఉన్నాయి, ముందువి తుక్కయిపోయాయి. తప్పు ముందువాళ్ల మీదికి పోయింది. మామయ్యని లైను నుంచి తప్పించి షెడ్‌లో వేశారు. ఆయన మళ్లీ బండి నడపలేదు. మా ఇంట్లో ఈ కథ ఎప్పుడు వచ్చినా చివరి మాట ఒకటే, పాపం, అజాగ్రత్త మనిషి అని.

నాన్న వద్దన్నాడు కాబట్టి మర్నాడు పొద్దున్నే వెళ్లాను. నా తత్వం అంత. రైల్వే కాలనీ దాటాక చిన్న ఇల్లు వాళ్లది. అత్తయ్య టీ ఇస్తూనే మొదలుపెట్టింది. "ఏటి అడుగుతావమ్మా ఈయన్ని? పొద్దున్న గేటుకి గెడ వెయ్యమంటే మర్చిపోయేడు. అంత బండికి బ్రేకులెయ్యడం మర్చిపోయిన మనిషికి గెడ ఓ లెక్కా!" ముప్ఫై అయిదేళ్లుగా ఆ వేళాకోళం నడుస్తోందని వినగానే తెలిసిపోతుంది. మామయ్య కూడా నవ్వాడు.

పుస్తకాల మాట ఎత్తగానే ఆయనకి ఎక్కడలేని హుషారు వచ్చింది. "రెండో సగం ముందు చదివితేనే మజా అమ్మా. బేడీలు ఎవుడికి పడ్డాయో తెలుసు. వాడు ఏటి చేసేడో మనం కనిపెట్టాలి." ఫోన్లో రికార్డు చేసుకుంటూ నేను లోలోపల ఎగిరి గంతేస్తున్నాను. సంతకం కూడా పెడతానన్నాడు. గుర్తుగా ఒకటి దాచానని లోపలికి వెళ్లి బిస్కెట్ డబ్బా తెచ్చాడు. అందులో ఒక మొదటి సగం.

చేతిలోకి తీసుకుని తిప్పి చూశాను. అట్ట పసుపు రంగు, అక్కడక్కడ వెలిసింది. గోనెసంచిలో ప్రతి దాని మీదా ఉన్న నల్ల ముద్ర దీని మీద లేదు.

"దీని మీద మసి లేదేం మామయ్యా?"

ఆయన వంటగది వైపు ఒకసారి చూశాడు. రికార్డింగ్ ఆపమన్నట్టు చెయ్యి ఊపాడు. ఆపాను.

"అది నేను చదవలేదమ్మా. ఆ బండి దొర్లిన రోజు, ఇంజిను తీసేక, మీ నాన్న నడిచొచ్చి నా చేతికిచ్చేడు. రెండో సగం కోసం. చివర ఏటవుతాదో అని ఒకటే ఆత్రం. నాది పట్టుకుపోయేడు. నేను ఇది పెట్టిలో పడేసేను."

"బ్రేకులు బిగించి వచ్చాకే కదా ఇచ్చాడు? మరి చేతులకి మసి..."

 ఏడేళ్లు ప్రపంచంలోని డిటెక్టివులందర్నీ చదివాను, మా ఇంటి కేసు ఇప్పటిదాకా కనబడలేదు.

"ఎవరు మామయ్యా?" అన్నాను. అప్పటికే తెలిసినా అడిగాను.

"పేరు చెప్పకూడదు కదమ్మా," అన్నాడు. "వెనకవి బిగిసేయో లేదో నేనూ చూడకుండా సంతకం పెట్టేను మరి. నాదీ తప్పే." డబ్బా మూత పెట్టేశాడు.

ఇంటికి ఎలా వచ్చానో తెలియదు. ఆటో ఎక్కలేదు, ఎండలో నడిచాను. నాన్న గేటు దగ్గరే ఉన్నాడు. ఎప్పటి నుంచి అటూ ఇటూ తిరుగుతున్నాడో, చొక్కా వీపంతా తడిసిపోయింది.

"ఏటన్నాడు?"

నిజం చెప్పాలంటే, నాన్న మీద నాకు అంత కోపం ఎప్పుడూ రాలేదు. అరుద్దామనే అనుకున్నాను. కానీ నోటికి వచ్చింది వేరు.

"పేరు చెప్పలేదు నాన్నా."

నాన్న గేటు ఊచ పట్టుకుని మెల్లగా మెట్టు మీద కూలబడ్డాడు. నేను పక్కన కూర్చున్నాను. అప్పుడు చెప్పాడు. గార్డు ఉండే బ్రేక్ వ్యాన్లో మొదటి సగం అయిపోయిందట, మిగతాది తెలుసుకోకుండా ఉండలేకపోయాడట, ముందు పుస్తకం తెచ్చుకుని వచ్చి తీరిగ్గా బిగిద్దామనుకున్నాడట. రిజిస్టర్లో సంతకం పెట్టేశాడు. రెండో సగం తెరిచి ఒక్క పేజీ చదివేసరికి చక్రాల చప్పుడు వినబడింది. "నువ్వప్పుడు ఐదో క్లాసు. ఉద్యోగం పోతే ఏటవుతాదో అని భయమేసింది," అన్నాడు. ఆ తర్వాత ఏం చేశాడో నాకు చెప్పలేదు. లోపలికి వెళ్లి, రేకు పెట్టె అడుగు నుంచి పాత న్యూస్ పేపర్లో చుట్టిన ఒక పొట్లం తీసుకుని వచ్చాడు. కాగితం చిరుగులోంచి పసుపు అట్ట కనబడింది, ఆ రెండో సగం. "పద" అన్నాడు.

ముప్ఫై అయిదేళ్ల తర్వాత నాన్న ఆ ఇంటి గుమ్మం ముందు నిలబడి తలుపు కొట్టాడు. మామయ్యే తలుపు తీశాడు. నాన్న లోపలికి వెళ్లలేదు, కూర్చోలేదు, చేతిలో పొట్లం కూడా ఇవ్వలేదు. గుమ్మంలోనే నిలబడి చెప్పేశాడు.

"ఒరే, వెనక ఆరూ బండి పడ్డాక బిగించేనురా."

మామయ్య క్షమిస్తాడనుకున్నాను, తిడతాడనుకున్నాను. నా ఫోను సంచిలోనే ఉంది, బయటికి తియ్యలేదు. ఆ అధ్యాయం ఇక రాయలేనని అప్పుడే అర్థమైంది.

"ఇంక పేరు చెప్పొచ్చు కదరా?" అన్నాడు మామయ్య. 

నాన్న తల ఊపాడు.

మామయ్య వంటగది వైపు తిరిగాడు. "ఒసే, పొయ్యి ఆపి ఓసారి ఇలా రా," అని పిలిచాడు. అత్తయ్య చేతులు తుడుచుకుంటూ వచ్చి, నాన్నని చూసి అక్కడే ఆగిపోయింది.

"నేను బ్రేకులు బాగానే వేయించేనే," అన్నాడు ఆమెతో.