యొర్దాను నదికి తాళం

ఆ రోజుల్లో మా అత్వెల్లిలో ఆడపిల్ల నిచ్చెన ఎక్కితే తప్పు, ఎక్కి గోడకు రంగు వేస్తే మరీ తప్పు, వేసిన రంగు గురించి పెద్దలతో వాదిస్తే ఇక చెప్పనక్కర్లేదు. నేను ఈ మూడూ ఒకే డిసెంబరులో, అదీ చర్చిలో చేశాను. (పశ్చాత్తాపం వస్తుందేమోనని చివరిదాకా ఎదురుచూడకండి, రాదు.) డిగ్రీ అయిపోయి మేడ్చల్‌లో ఒక చిన్న బడిలో డ్రాయింగు టీచరుగా చేరిన కొత్త. క్రిస్మసుకు ప్రసంగ వేదిక వెనక గోడ మీద యొర్దాను నది బొమ్మ వేస్తానన్నాను. చర్చి పెద్ద మా పెద్దనాయినే. "ఆడివిల్లవు, కింద వడ్తె ఎవలు జూడాలె? పెయింటర్‌ను పిలుస్త" అన్నాడు. "పెయింటర్ కింద వడ్తె నువ్వు జూస్తవా?" అన్నాను. అట్లా గోడ నాకు దక్కింది. షరతు ఒక్కటే: బొమ్మ చెడితే గోడంతా సున్నం, నేను మళ్లీ చర్చిలో కుంచె ముట్టకూడదు.

డిస్టెంపర్ పలుచగా కలిపి, పొర ఆరాకే పొర వేయాలనీ, ప్రతి పొరా నిదానంగా ఆరాలనీ నాకు తెలుసు. (మా వంటింటి గోడను పాడుచేసి నేర్చుకున్న చదువు, అమ్మ తిట్లే ఫీజు.) శనివారం ఆకాశం పూర్తిచేసి అన్నానికి ఇంటికి వెళ్లాను. నేను అటు పోగానే పెద్దనాయిన, ఆకాశం మరీ పలుచగా ఉందని డబ్బాలో మిగిలిన చిక్కటి రంగంతా తన చేత్తో పూసేశాడు. పూశాక, ఈ చలికి తెల్లారేలోపు ఆరదేమోనని పరేషాన్. మా సంఘం ఎట్లాంటిదంటే, ఎవరింట్లో పెళ్లయినా చావయినా అడగకుండానే ఇంటికో కుర్చీ మోసుకొస్తారు. ఆ రోజు ఇంటికో టేబుల్ ఫ్యాను మోసుకొచ్చారు. నేను తిరిగొచ్చేసరికి ఫ్యాన్లన్నీ వరుసగా కూర్చుని, ప్రసంగం నచ్చినట్టు తలలూపుతున్నాయి. ఆకాశం ఎండిన చెరువులా నెర్రెలిచ్చింది.

"నీ రంగే గట్లాంటిది" అన్నాడు పెద్దనాయిన.

"రంగును అనకు. నువ్వు మందంగ పూసినవ్, మీదికెల్లి గాలి కొట్టించినవ్. మీది పొర జల్దీ ఎండి గుంజుకుంటది, లోపల పచ్చిగనే ఉంటది. పగలక పాట పాడుతదా?"

స్తంభం చాటున, ఆయన చెయ్యీ ఫ్యాను గాలీ అందని మూలలో నేను అదే రంగుతో ముందే వేసిన నది ఒక్క పగులూ లేకుండా ఉంది. చూపించాను. సంఘమంతా ఆ మూలకేసి, తర్వాత ఆయనకేసి చూసింది.

"మళ్ల ఏస్త. క్రిస్మస్ దాక తాళంచెవి నా తాన్నే ఉంటది."

"రేపు ఆదివారమే పోరీ!"

"టెంటు ఏస్కోరి."

పగిలిందంతా గీకి, మళ్లీ పలుచటి పొరలు మొదలుపెట్టి, కిటికీలకు తడి గోనెసంచులు కట్టి, తలుపుకు తాళం వేసి, చెవిని చున్నీకి ముడేసుకుని మెట్ల మీద కూర్చున్నాను. ఎదురుగా టెంటు కింద ఆరాధన. పెద్దనాయిన కళ్లు మూసుకుని గొంతెత్తాడు: "ప్రభువా, నీ ఇంటికే తాళమేసిన ఈ పిల్లకు జర బుద్ధియ్యి!" అందరికంటే గట్టిగా "ఆమెన్" అన్నది నేనే. తాళంచెవి మాత్రం ఇవ్వలేదు.

క్రిస్మసు పొద్దున తలుపు తీశాను. పెద్దనాయిన నిచ్చెనెక్కి ఆకాశమంతా గోటితో తడిమాడు. వెంట్రుకంత పగులు లేదు. "ఊఁ... మబ్బులు జర తక్కువైనయ్" అని దిగిపోయాడు. (మా ఇంట్లో దీన్ని మెచ్చుకోలు అంటారు.)

ఇప్పుడక్కడ కొత్త మందిరం, గోడకు టైల్సు. పెద్దనాయినా లేడు. మొన్న కొంపల్లిలో మా ఫ్లాటుకు రంగు వేయిస్తుంటే, మా ఆయన ఫ్యాను స్విచ్చి మీద చెయ్యి పెట్టి, నా ముఖం చూసి తీసేశాడు. రంగు చక్కగా ఆరింది, పోట్లాటే లేకపోయె. మెట్ల మీద కూర్చున్న ఆ పిల్లకు ఈ ఇల్లు ఎంత చప్పగా తోచేదో! టెంటు కింది నుంచి ఆ గొంతు నా బుద్ధి కోసం ఇంకొక్కసారి ప్రార్థిస్తే బాగుండుననిపిస్తుంది. తాళంచెవి మాత్రం ఇప్పుడడిగినా ఇవ్వను.