నా మనసులో మాట పాప నోట

నేను దయ్యాలను నమ్మను. ఆ మాటకొస్తే మనుషుల్నీ ఒక పట్టాన నమ్మను. నాచారం ఇండస్ట్రియల్ ఏరియాలో ఒక చిన్న మందుల కంపెనీలో క్వాలిటీ కంట్రోల్‌లో పనిచేస్తాను. ఎవరైనా 'బాగుంది' అంటే 'ఏదీ, చూపించు' అనడమే నా ఉద్యోగం. ఇంట్లోనూ అదే బుద్ధి. పాలవాడు పాలు పోస్తుంటే గిన్నెలోకి తొంగి చూస్తానని మా ఆయన ఎగతాళి చేస్తాడు.

అలాంటిదాన్ని ఇది రాస్తున్నానంటే, మామూలు కారణం కోసం వెతకాల్సిన చోటల్లా వెతికాను. దొరకలేదు.

మేముండేది నాచారంలోనే, ఒక మూడంతస్తుల ఇంట్లో మధ్య పోర్షన్. మా ఆయన చర్లపల్లిలో ఒక ఫ్యాక్టరీలో సూపర్‌వైజర్. మా పాప లాస్య పుట్టాక నేను మళ్లీ డ్యూటీలో చేరేటప్పుడు, జనగామ దగ్గరి ఊరి నుంచి మా అత్తమ్మ వచ్చి మాతో ఉండిపోయింది. పొద్దున పాపను ఆమె చేతిలో పెట్టి వెళ్తే సాయంత్రమే మళ్లీ చూసేది. ఆమె లేకపోతే నాకు ఉద్యోగమే లేదు. నేను మొదట అనుమానించింది మాత్రం ఆమెనే.

పిల్లల్ని పెంచడంలో సగం అబద్ధాలే. చేదు మందు తేనె అంటాం. ఆఫీసుకు వెళ్తూ ఇప్పుడే వస్తానంటాం. దుకాణంలో చాక్లెట్లు అయిపోయాయంటాం. అబద్ధం ఆడకూడదని మళ్లీ మనమే నీతులు చెబుతాం. లాస్యకు మూడేళ్లు నిండేదాకా మా ఇంట్లోనూ ఆ అబద్ధాలు బాగానే చెల్లాయి. ఆ తర్వాత ఒక్కటీ చెల్లలేదు.

మొదటిసారి టీకా విషయంలో జరిగింది. ఆరోజు డ్యూటీ నుంచి నడిచి వస్తూ, ఎలాగూ త్వరగా వచ్చాను కదా, ఇవాళే వేయించేద్దామని అనుకున్నాను. ఇంటికొచ్చి పార్కుకు పోదాం పదమన్నాను. చెప్పులు వేసుకుంటున్న పిల్ల ఆగి నా మొహంలోకి చూసింది.

"పార్కు గాదు. సూది" అంది.

అత్తమ్మే ఊహించి చెప్పి ఉంటుందనుకున్నాను. అడిగితే తనకు తెలియదంది. నేను నమ్మలేదు.

ఇంకోసారి కింది పోర్షన్ ఆవిడ పంచదార కోసం వచ్చింది. నేను నవ్వుతూనే పోశాను కానీ, మొన్న పట్టుకెళ్లిన గిన్నె ఇంకా తెచ్చివ్వలేదే అని లోపల గొణుక్కుంటున్నాను. లాస్య బొమ్మలు వదిలేసి వచ్చి "ఆంటీ, మా గిన్నె ఏదీ?" అని నిలదీసింది. ఆవిడ మొహం మాడిపోయింది. నేనే నేర్పించి అడిగించానని ఇప్పటికీ ఆవిడ నమ్మకం. ఆవిడ స్థానంలో ఉంటే నేనూ అలాగే అనుకునేదాన్ని.

ఇవన్నీ నవ్వుకునే సంగతులు. నవ్వలేనిది ఆ తర్వాత వచ్చింది.

ఒక ఆదివారం అత్తమ్మ కూర తనకు నచ్చినట్టు మళ్లీ కారం వేసి తిప్పుతోంది. నేను గట్టు దగ్గర నిలబడి, ఈమె కొన్నాళ్లు ఊరికి పోతే బాగుండునని అనుకున్నాను. అనుకోని కోడలుంటే చెప్పండి, దండం పెడతాను. పైకి మాత్రం ఒక్క మాట అనలేదు. లాస్య గుమ్మంలోంచి అడిగింది.

"నానమ్మా, నువ్వు ఊరికి ఎప్పుడు పోతవ్?"

అత్తమ్మ గరిటె కింద పెట్టి నా వైపు చూసింది. "పసిపిల్ల నోట్లకెళ్లి గా మాట ఊకెనే రాదు బిడ్డా. ఎవలో ఒకలు అంటేనే వస్తది" అంది.

"నేనైతే అనలేదు అత్తమ్మా" అన్నాను. అది నిజమే. అయినా నా గొంతు నాకే అబద్ధంలా వినబడింది. ఆరోజు మాటా మాటా పెరిగింది. మన ఇంటి మాటలన్నీ మీరే పిల్లకు నూరిపోస్తున్నారని నేనన్నాను. నువ్వే నన్ను పంపేందుకు పిల్లతో అనిపిస్తున్నావని ఆమె అంది. మర్నాడు సంచి సర్దుకుని మల్కాజిగిరిలో ఉన్న మా ఆడపడుచు ఇంటికి వెళ్లిపోయింది.

పాపను ఉప్పల్‌లో ఒక క్రెష్‌లో వేశాను. పొద్దున రింగు రోడ్డు ట్రాఫిక్‌లో స్కూటీ మీద దింపడం, సాయంత్రం పరుగెత్తడం. అత్తమ్మ విలువ తెలిసొచ్చింది కానీ ఫోన్ చేయడానికి మొండితనం అడ్డొచ్చింది. పైగా అత్తమ్మ లేదు కాబట్టి ఈ మాటలు ఆగిపోతాయని, అప్పుడు నా అనుమానం నిజమని తేలుతుందని ఎదురుచూశాను.

ఆగలేదు.

ఇక ఇంట్లో మిగిలింది మా ఆయన. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకునే మనిషి కూడా కాదు. ఎంత గుచ్చి అడిగినా టీవీ చూస్తూ ఊఁ కొట్టాడు. తర్వాత నా మీద నాకే అనుమానం వచ్చింది. నిద్రలో మాట్లాడుతున్నానేమోనని వారం రోజులు ఫోన్‌లో రికార్డు పెట్టుకుని పడుకున్నాను. ఫ్యాను చప్పుడు, మా ఆయన గురక తప్ప ఏమీ లేదు. పగలు నాలో నేను గొణుగుతున్నానా అని కంపెనీలో పక్క సీటు అమ్మాయిని అడిగాను. లేదంది, వింతగా చూసింది. ఎవరికైనా వివరంగా చెబుదామంటే, కడుపు చించుకుంటే కాళ్ల మీద పడుతుంది.

ఒకరోజు పరీక్ష పెట్టాను. కళ్లెదుట ఉన్నది తలుచుకుంటే లెక్కలోకి రాదు, పిల్ల అదే చూసి అనొచ్చు. అందుకని నా చిన్నప్పటి మేకపిల్లను తలుచుకున్నాను. దాని సంగతి ఎత్తే సందర్భం రాక మా ఆయనకు కూడా చెప్పలేదు. పాపను ఎదురుగా కూర్చోబెట్టుకుని మేక, మేక అని మనసులో ఎంత అరిచినా, తను బిస్కెట్ తింటూ కూర్చుంది. హమ్మయ్య అనుకున్నాను. ఇదంతా నా భ్రమే.

సంతోషం ఎంతోసేపు నిలవలేదు. అంతకుముందు తను పట్టుకున్నవన్నీ గుర్తు చేసుకున్నాను. అందులో నేను చెప్పాలనుకున్నది ఒక్కటీ లేదు. అన్నీ నేను దాచుకున్నవే.

ఆ నెలలోనే స్నానం చేస్తుంటే నా కుడి రొమ్ములో గడ్డ చేతికి తగిలింది. చిన్న రేగుపండంత. ఎవరికీ చెప్పలేదు. మా ఆయన చిన్న జ్వరానికే హడలిపోతాడు. అత్తమ్మ అలిగి వెళ్లింది. మా అమ్మ లేదు. కంపెనీలో ఒకపూట సెలవు పెట్టి, ఒక్కదాన్నే దవాఖానాకు వెళ్లాను. సూదితో కొంచెం తీసి పరీక్షకు పంపారు. ఫలితం రావడానికి కొన్ని రోజులు పడుతుందన్నారు.

తిరుగు ఆటోలో హబ్సిగూడ వచ్చేదాకా ఏడుపు రాలేదు. అక్కడ సిగ్నల్ దగ్గర ఒక తల్లి స్కూలు పిల్లకు రిబ్బను సరిచేస్తూ కనిపించింది. లాస్యది ఒత్తయిన ఉంగరాల జుట్టు. నేను తప్ప ఎవరు దువ్వినా ఏడుస్తుంది, అత్తమ్మ చేతికైతే ఆ ఉంగరాలు అసలు లొంగవు. నేను చచ్చిపోతే దీనికి జడ ఎవరు వేస్తారు, అత్తమ్మకు రాదు కదా అనుకున్నాను. సరిగ్గా ఆ మాటలే. చావు గురించి కాదు, జడ గురించే ఏడ్చాను. ఇల్లు వచ్చేలోపు మొహం తుడుచుకుని, మామూలుగా ఉన్నానని ఆటో అద్దంలో చూసుకుని దిగాను.

సాయంత్రం లాస్యకు నూనె రాసి దువ్వుతున్నాను. మా ఆయన పక్కనే కూర్చుని టీ తాగుతున్నాడు. పాప వెనక్కి కూడా తిరగకుండా, అన్నం పెట్టమని అడిగినంత మామూలుగా అడిగింది.

"అమ్మా, నువ్వు సచ్చిపోతే నాకు జడ ఎవలు ఏస్తరు? నానమ్మకు రాదు గదా."

నా చేతిలోంచి దువ్వెన కింద పడింది. నా కన్నకూతురిని చూసి నాకు భయం వేసింది. ఇంతకంటే ఎలా చెప్పాలో తెలియదు.

మా ఆయన టీ గ్లాసు పక్కన పెట్టాడు. "గివేం మాటలు? ఎవలు నేర్పిన్రు పిల్లకు?" అని నా మీదే లేచాడు. అప్పుడు నా మొహం చూశాడు. ఇక దాచలేకపోయాను. అంతా విన్నాడు. "నాకు జెప్పకుంట ఒక్కదానివే పోయినవా?" అని మాత్రం అన్నాడు. ఆ మనిషి ఏడవడం అప్పుడే చూశాను.

మర్నాడు పొద్దున్నే అత్తమ్మ సంచితో గుమ్మంలో ఉంది. కొడుకు ఫోన్ చేశాడట. పాత మాటలు ఏమీ ఎత్తలేదు. "నువ్వు ఫికర్ జెయ్యకు. పిల్లను నేను జూసుకుంట. జడ గిట్ల నేర్చుకుంట తీయ్" అని చీర కొంగు దోపుకుని వంటింట్లోకి వెళ్లింది. నేను గోడకు ఆనుకుని వెక్కి వెక్కి ఏడ్చాను.

పాప మాటలు విన్నాక అత్తమ్మ, దానికి ఏదో గాలి సోకిందని పట్టుబట్టింది. మా బస్తీ మసీదు దగ్గర సాయంత్రం నమాజు అయ్యాక పిల్లలను ఎత్తుకుని తల్లులు గేటు పక్కన నిలబడతారు. లోపలినుంచి వచ్చేవాళ్లు ప్రార్థన చదివి పిల్లల మీద ఊది వెళ్తారు. మా వాళ్లూ, వాళ్ల వాళ్లూ అని లేదు, అందరూ నిలబడతారు. నాకు అలాంటివి పడవు. కానీ అత్తమ్మను మళ్లీ బాధపెట్టే ధైర్యం లేక వెంట వెళ్లాను. ఏదైనా తినిపిస్తారేమో చూద్దామని కూడా అనుకున్నాను, అది వేరే సంగతి.

ఒక పెద్దాయన వచ్చి పాప తల మీద మెల్లగా ఊదాడు. లాస్య ఆయన వెళ్లేదాకా చూసింది. తర్వాత నానమ్మ చంకలోంచి నా వైపు వంగి, బుగ్గలు పూరించి నా మీద ఊదింది. కుడి వైపు. సరిగ్గా గడ్డ ఉన్నచోట, చున్నీ మీద.

అత్తమ్మ నవ్వింది. పిల్ల ఆయన్ను చూసి ఆడుతోందనుకుంది. గడ్డ ఏ వైపో ఆమెకు తెలియదు. సూది గుచ్చిన చోట వేసిన ప్లాస్టర్ నేను బట్టలు మార్చుకునేటప్పుడు పాప చూసి ఉండొచ్చు. ఉండొచ్చు, కాదనను. కానీ ఆటోలో అనుకున్న జడ మాట ఏం చూసి పట్టుకుందో నాకు ఎవరూ చెప్పలేదు.

పరీక్షలో అది ప్రమాదం లేని గడ్డేనని వచ్చింది. పాప ఊదడం వల్ల తగ్గిందని అత్తమ్మ ఊరంతా చెప్పింది. అది తప్పు. పాప ఊదడానికి ముందే పరీక్షకు పంపారు. ఊదినా ఊదకపోయినా ఫలితం అదే వచ్చేది. ఒక్క సంగతి వింతగా ఉందని పక్కన ఉన్నవన్నీ దానికి అంటగట్టను.

అప్పటినుంచి లాస్య అలాంటి మాట ఒక్కటీ అనలేదు. బడిలో చేరింది, స్నేహితులు వచ్చారు, పళ్లు ఊడాయి. నేను చెప్పే అబద్ధాలు మళ్లీ చెల్లడం మొదలైంది. మూడేళ్ల పిల్లలకు తల్లి మనసూ తమ మనసూ వేరని ఇంకా తెలియదేమో, పెరిగాక మధ్యలో గోడ లేస్తుందేమోనని నాకు నేను సర్ది చెప్పుకున్నాను.

మొన్న ఒక సాయంత్రం దాకా.

మా కంపెనీని నగరానికి ఆ చివరన పటాన్‌చెరు అవతలికి మారుస్తారని ఆరోజే తెలిసింది. వెళ్తే పాప నిద్ర లేవకముందు వెళ్లి నిద్రపోయాక రావాలి. మానేస్తే ఇల్లు గడవదు. మా ఆయన వచ్చేదాకా ఎవరికీ చెప్పకూడదనుకుని, ఇంటికొచ్చి మంచం మీద కూర్చున్నాను. లాస్య హోంవర్క్ చేసుకుంటోంది. ఏమీ అడగలేదు.

అత్తమ్మ వంటింట్లోంచి తొంగి చూసి అడిగింది. "ఏమైంది బిడ్డా, గట్ల కూసున్నవేంది?"

తలనొప్పి అని చెబుదామని నోరు తెరవబోయాను.

"ఏం లేదు నానమ్మా. అమ్మకు తలనొప్పి" అంది లాస్య, పుస్తకంలోంచి తల ఎత్తకుండా.

నాకు తలనొప్పి లేదు. ఆ మాట ఇంకా నా నోట రాలేదు. అత్తమ్మ నమ్మి టీ పెట్టడానికి వెళ్లింది. అప్పుడు లాస్య తలెత్తి, వెళ్లిందా లేదా అని వంటింటి వైపు చూసి, మళ్లీ రాసుకోవడం మొదలుపెట్టింది.

ఎలా తెలిసింది అని నేను అడగలేదు. ఇప్పటికీ అడగలేదు. ఏ తల్లికైనా పిల్ల మొహం చూస్తే మనసు తెలుస్తుందంటారు, నా మొహం చూసి పిల్ల కనిపెట్టింది కాబోలు అని రోజూ అనుకుంటాను. ఏదీ అతకడం లేదు. ఆ మూడేళ్ల వయసు దాటాక నా మనసు దానికి వినపడటం ఆగిపోయిందనే నమ్మాను. ఆగలేదేమో. విన్నవన్నీ నాకు చెప్పకుండా దాచుకోవడం నేర్చుకుందేమో. ఇన్నేళ్లలో నేను ఏమేం అనుకున్నానో ఒక్కొక్కటీ గుర్తు తెచ్చుకుంటున్నాను. అందులో తన గురించి అనుకున్నవీ ఉన్నాయి.