గుర్తు మార్చని లెక్కల సారు

దగ్గరికి జరిగి కూర్చోండి, మిర్యాలగూడలో మా ముందుగది కిరాయికి తీసుకుని ట్యూషన్ చెప్పిన లెక్కల సారు సంగతి చెబుతాను. ప్రతి లెక్కకీ చిటికేసి, "గుర్తు మార్చు, గుణించు, ఖతం!" అనేవాడు. భిన్నంలో కింద రెండు వర్గమూలాల మధ్య మైనస్ ఉంటే, దాన్ని ప్లస్ చేసి పైనా కిందా గుణించాలట. అప్పుడు కింద మూలాలు పోతాయట. ఎందుకు పోతాయని అడిగితే మాత్రం కసురుకునేవాడు. గోడవతల వంట చేస్తూ విని విని నాకే నోటికొచ్చింది.

ఒకనాడు బోర్డు మీద ఆయనే గుర్తు మార్చకుండా గుణించాడు. కింద మూలం పోలేదు.

"పుస్తకంల తప్పు పడ్డది" అన్నాడు గంభీరంగా.

"సార్, మీరే మైనస్ మార్చలే" అంది ఆ ట్యూషన్‌లోనే కూర్చున్న మా బిడ్డ.

"నాకే జెప్తవా? లే, బయటికి నడు! మల్ల రాకు!"

పదో తరగతి పరీక్షల ముందు ట్యూషన్ పోయిందని పిల్ల నా పక్కన కూర్చుని ఏడ్చింది. ఏడుస్తూనే గుర్తు మార్చి ఆ లెక్క పూర్తి చేసింది. కాసేపటికి సారు వంటగది గుమ్మంలోకి వచ్చాడు.

"అక్కా, జర సాక్‌పీస్ ఉన్నదా?" చూపంతా పిల్ల కాగితం మీదే.

"మీ చేతిలనే ఉన్నది సార్. లెక్క గావాల్నంటే మా బిడ్డను మల్ల ట్యూషన్‌కు పిలువుండ్రి."

"దా బిడ్డా, నీకు పరీక్ష వెట్టిన అంతే" అన్నాడు మహానుభావుడు, సిగ్గయినా లేకుండా.

మీ ఇంటి పిల్లలకు ఇలాంటి సారు తగలకుండు గాక, మీ గడప చల్లగుండు గాక.