ఐదు నంబరు నొక్కి కూల్చుకున్న ఇల్లు

బుల్‌డోజర్‌తో ఇల్లు కూల్చినవాళ్ళను మీరు చూసే ఉంటారు. ఫోన్‌లో ఐదు నంబరు బటన్ నొక్కి, అదీ చేతికందబోయే ఇంటిని కూల్చుకున్న ఘనుణ్ణి నేనొక్కణ్ణే. విని నవ్వుకోండి, పరవాలేదు. మా ఆవిడ మాధవి తప్ప అందరూ నవ్వారు.

కిందటేడు బెంగళూరులో మేముంటున్న అద్దె ఇల్లు ఖాళీ చేయాల్సి వచ్చింది. అదృష్టం కొద్దీ కాడుగోడిలో ఒకటి దొరికింది. మహదేవపురలోని నా ఆఫీసుకు దగ్గర, మాధవి పాఠాలు చెప్పే బడికి ఇంకా దగ్గర. ఓనరు నారాయణప్ప తరాలుగా బెంగళూరులోనే ఉన్న తెలుగాయన.

"ముందుండినోళ్ళు గోడలకి మేకులు కొట్టి పాడు చేసినారప్పా. నెమ్మదస్తులకే ఇస్తా. సాయంత్రం ఫోన్ చేసి చెప్తా," అన్నాడు.

సరిగ్గా ఆ రోజే నా ఫోన్ బకెట్లో మునిగింది. కాలేజీ నాటి కీప్యాడ్ ఫోన్ వెతికి తీసి సిమ్ వేశాను. కూర్చున్నాను, లేచాను, బాల్కనీలోకి వెళ్ళాను, వచ్చాను. అది మోగదు. కాలు నిలవదు. అప్పుడు కంటబడింది నా పాత ట్యాంకు ఆట. ఐదు నొక్కితే గుండు పేలుతుంది. ఇటుక గోడలు పగలగొట్టి లోపలి శత్రువును పట్టుకోవాలి. బొటనవేలికి పూనకం వచ్చేసింది.

"ఆయన ఫోన్ చేసే టైమైంది, ఆపు," అంది మాధవి.

"చివరి లెవెల్," అంటూ ఐదును దడదడలాడించాను. "ఒక్క గోడ మిగల్చను రా. అన్నీ పగలగొట్టి లోపలికొస్తా, ఎక్కడ దాక్కుంటావో చూస్తా."

"ఎవురి గోడప్పా?" అంది ఫోన్.

ఏ బటన్ నొక్కినా కాల్ ఎత్తేసే సెట్టింగ్ ఆ ఫోన్లలో ఉండేది. స్టైలుగా ఉంటుందని కాలేజీలో నేనే పెట్టుకుని మరిచిపోయాను. నారాయణప్ప ఫోన్ మోగీ మోగకముందే నా ఐదు దాన్ని ఎత్తేసింది.

"అది ఆటండీ. ట్యాంకుతో..."

"ట్యాంకు కూడా తెస్తావా? నేను మేకులకే ఏడ్చినాను. వద్దులేప్పా."

ఇప్పుడు అత్తిబెలెలో ఉంటున్నాం. ఇంకో అడుగేస్తే తమిళనాడే. మాధవి బస్సు మారిన ప్రతిసారీ నాకు ఫోన్ చేసి, "గోడలెలా ఉన్నాయి?" అని పరామర్శిస్తుంది. నిజంగానే తల ఎత్తుకోలేకపోతున్నాను.

అందుకే మీ అందరి సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను. ఈ జన్మలో ఇక ఐదు నంబరు బటన్ నొక్కి ఒక్క గుండు కూడా పేల్చను. ఎలాగూ అది అత్తిబెలె బస్సులో ఆడీ ఆడీ అరిగిపోయింది.