రెండు చేతుల సమీకరణం

ఆ రోజుల్లో ధైర్యానికీ తెలివికీ మధ్య తేడా ఉంటుందని నాకు తెలియదు. తెలిసుంటే, డిగ్రీలో మొక్కల గురించి చదివినదాన్ని, హుస్సేనీ ఆలంలోని ఒక చిన్న బడికి పోయి ఏడో తరగతికి లెక్కలు చెబుతానని ఒప్పుకునేదాన్నే కాదు. అక్కడ ఖాళీ ఉన్నది లెక్కల టీచర్ కొలువే మరి. అది రాకపోతే లాడ్ బజార్‌లో పెదనాన్న గాజుల దుకాణంలో కూర్చోవాలి. (బేరమాడేవాళ్లను చూస్తే నాకు ఇప్పటికీ నోరు పెగలదు.) ముందు ఒక పాఠం చెప్పి చూపించమన్నారు. ఆ పొద్దున పెదనాన్న నన్ను పిలిచి, "పనికి పోతున్నవ్ బిడ్డా, చేతులు బోసిగుంటే ఏం మంచిగుంటది?" అంటూ చేతికి డజను చొప్పున గాజులు తొడిగాడు. వదులు గాజులు తొడిగి పంపడమంటే ఆయనకు నామోషీ. సబ్బు నురగ రాసి, ఎముకలు నొక్కి, నా కళ్లలో నీళ్లు తిరిగాకే "గిదీ సైజంటే!" అని తృప్తిపడ్డాడు.

తరగతిలో ఆ బడి పెద్దమేడం వచ్చి వెనక బల్ల మీద కూర్చున్నారు. నేను బోర్డు మీద x + 5 = 12 అని రాసి, ముందురోజు బట్టీపట్టిన ముక్క అప్పజెప్పాను. "ఐదు అటుదిక్కు పోతే మైనస్ అయితది." ముందు బల్లలోని రెండు జడల పిల్ల లేచింది. "ఎందుకయితది మిస్?" నిజం చెప్పొద్దూ, ఆ అనుమానం నాకెప్పుడూ రాలేదు. "అయితదంతే" అనబోయి, పెద్దమేడం కళ్లజోడు సర్దుకోవడం చూసి ఆగిపోయాను. భయంతో చేతులు నలుపుకుంటుంటే గాజులు గలగలమన్నాయి. అప్పుడు తట్టింది. ఎడమచేతికి అరచేతి వైపున్న ఐదు గాజులు వదిలేసి, మిగిలినవాటిని చున్నీతో కప్పాను. "చూడుండ్రి, రెండు చేతులకు గాజులు సమానం. కుడిచేతికి పన్నెండు. ఎడమచేతికి ఐదు కనబడుతున్నయ్. చున్నీ కింద ఎన్నున్నయో తెల్వదు, గదే ఎక్స్. ఎక్స్ ఒక్కటే మిగలాలంటే ఏం జెయ్యాలె?" "ఐదు తియ్యాలె!" అని అరిచారు అందరూ.

పళ్లు బిగబట్టి ఐదూ తీశాను. గెలిచాననుకున్నాను. రెండు జడల పిల్ల ఊరుకుందా? "గిప్పుడు చేతులు సమానం లేవు మిస్! గటుదిక్కు గూడ ఐదు తియ్యాలె!" నేను చెప్పాల్సిన పాఠం ఆ పిల్లే నాకు చెప్పింది. కుడిచేతి నుంచి నాలుగు వచ్చాయి. ఐదోది బొటనవేలి ఎముక దగ్గర ఇరుక్కుంది. ఇటు రాదు, అటు పోదు. తరగతంతా లొల్లి. "సబ్బు రుద్దుండ్రి మిస్!" "పలగ్గొట్టకుండ్రి, మంచిది కాదు!" "గదొక్కటి రాకుంటే జవాబు ఎనిమిదైతది మిస్!" (వాళ్లకు నా వేలికన్నా జవాబు ఫికరే ఎక్కువ.)

పెద్దమేడం లేచి వస్తుంటే, ఇక నా బతుకు దుకాణంలోనే అనుకున్నాను. ఆమె ఎవరిదో టిఫిన్ డబ్బాకు చుట్టిన పాలిథిన్ కవర్ తీసి, నా చేతికీ గాజుకీ మధ్య దూర్చి, ఒక్క లాగుడుతో గాజును జారించేశారు. "ఇగ లెక్కపెట్టుండ్రి." కుడిచేతికి ఏడు. చున్నీ తీస్తే అక్కడా ఏడే. పిల్లలంతా కొట్టిన ఆ చప్పట్లు తల్చుకుంటే ఇప్పటికీ సంతోషంగా ఉంటుంది.

బయట వరండాలో ఆమె మెల్లగా, "నీకు లెక్కలు రావని మొదటి ముచ్చటకే తెలిసింది" అన్నారు. ఇక దుకాణానికే పోదామని మెట్ల వైపు తిరుగుతుంటే ఆమే మళ్లీ అన్నారు. "ఎందుకని అడిగినందుకు పాత సారు గా రెండు జడల పిల్లతోని గోడకుర్చీ ఏయించిండు. నువ్వు గాజులు తీసినవ్. సోమవారం నుంచి రా."

ఇన్నేళ్లలో నాకు లెక్కలు బాగానే వచ్చేశాయి. పిల్లలు ఎందుకని అడిగేలోపే జవాబు చెప్పేస్తాను, వాళ్లు బుద్ధిగా రాసుకుంటారు. ఒక్కోసారి బోర్డు ముందు ఆగి, జవాబు తెలియక చెమటలు కక్కిన ఆ ఇరవై రెండేళ్ల అమ్మాయిని తలుచుకుని నవ్వుకుంటాను. నాకన్నా తనే మంచి టీచరేమో అనిపిస్తుంది.