బయోస్ చిప్పు, సోమునాయుడి కుడిచెయ్యి

రిటైరవడానికి రెండేళ్ల ముందు నన్ను చోడవరం ఎలక్ట్రానిక్స్ సర్వీస్ సెంటర్‌కి సీనియర్ టెక్నీషియన్‌గా వేశారు. ఆ వానాకాలంలో రావికమతం నుంచి అప్పలనరసమ్మ అనే ఆవిడ పిడుగుకి కాలిపోయిన పాత వీడియోగేమ్ పెట్టె తెచ్చింది. భర్త సోమునాయుడు విశాఖలో ఫిట్టరుగా చేసేటప్పుడు కొన్నదది. ఇప్పుడాయనకి పక్షవాతం, కుడిచెయ్యి పడిపోయింది. వేళ్లు కదపమని డాక్టరు రబ్బరు బంతి ఇస్తే ఎడంచేత్తో గోడకేసి కొట్టాడట. సగంలో ఆపిన తన కారు పందెం ఆట ఇస్తేనే వేళ్లు కదుపుతానన్నాడట. మళ్లీ మొదటినుంచి అంటే ససేమిరా.

బోర్డు పోయింది, విడిభాగాలు దొరకవు. అలాంటప్పుడు కంప్యూటరునే ఆ పెట్టెలా పనిచేయించే ఎమ్యులేటర్ వాడతాం. దానికి పెట్టెలోని బయోస్ కావాలి. స్విచ్ వేయగానే యంత్రాన్ని లేపి, ఆడినంతవరకూ ఆటని దాచే మెమరీ కార్డుతో మాట్లాడించే ప్రోగ్రాం అది. పెట్టె తయారుచేసిన కంపెనీ సొత్తు కనక నెట్‌లోంచి దింపకూడదు, కస్టమర్ బోర్డు మీది చిప్పునుంచే తీయాలని మా పద్ధతి. నాకు బద్ధకం వేసింది. కార్డుకి నకలు తీసి, ఎమ్యులేటర్‌తో వచ్చే ఉత్తుత్తి బయోస్‌తోనే నడిపాను. కార్డు ఖాళీ అని తెర మీద పడింది. ఆవిడకీ అదే చెప్పేశాను.

"కాళీ ఏటి బాబూ? ఆయన ఆడతంటే నాను పక్కన కూకొని సూసేను. సరిగ్గా సూడండి."

ఇంత సర్వీసున్న నాకే పాఠాలా అని ఒళ్లు మండింది. ఆవిడ నోరు మూయిద్దామనే చిప్పు ఊడదీశాను. రీడర్‌లో పెట్టి రెండుసార్లు చదివి, రెండూ ఒకటేనని చూసుకుని ఎమ్యులేటర్‌కి ఇచ్చాను. ఆట ఉంది! పదకొండో పందెం దగ్గర ఆగి ఉంది. సిగ్గుతో చచ్చిపోయాను. తప్పు నాదేనని ఆవిడతో అన్నాను.

మర్నాడు నేనే రావికమతం వెళ్లి వాళ్ల టీవీకి ఎమ్యులేటరున్న కంప్యూటరూ, ఆట బటన్లూ బిగించాను. సోమునాయుడి కుడి బొటనవేలు ఎంతకీ బటన్ నొక్కదు. కారు పోయి గోడకి గుద్దుకుంది.

"ఒసే, ఈ ఏలు నా మాట ఇనదే!" అని కస్సుమన్నాడు.

"తిట్టండి, తిట్టండి. నిన్నటిదాకా దాన్ని పలకరించనైనా నేదు," అంది ఆవిడ నవ్వుతూ.

ఆయన మళ్లీ నొక్కాడు. ఈసారి వేలు కాస్త వంగింది.

యంత్రం 'ఖాళీ' అందంటే, దానికి చదవడం రాలేదని కూడా కావచ్చు. ఆ తర్వాత నాకు కనబడనిదాన్ని లేదని ఏ కస్టమర్‌తోనూ అనలేదు.